అమ్మమ్మ పాటల మూట

పిల్లల దగ్గరికని అమెరికా వెళ్ళి, డిసెంబరు నెలంతా అక్కడ గడిపి వచ్చిన అమ్మలను అడిగి చూడండి. కూరగాయలు కొనడానికి వెళ్ళినా, బట్టలు కొనడానికి వెళ్ళినా, ఏ షాపులో అడుగుపెట్టినా ఒక పాట చెవిన పడుతూనే ఉంటుందని చెబుతారు. మనవణ్ణి ఒళ్ళో కూర్చోబెట్టుకుని తాతగారు పాడుతున్నట్టుండే గొంతు. నిండుగా, నెమ్మదిగా, ఎక్కడా తొందర లేకుండా సాగిపోతుంది. ఆ పాట 'ఎ హాలీ జాలీ క్రిస్మస్'. పాడినాయన పేరు బర్ల్ ఐవ్స్.

1964 డిసెంబరులో పిల్లల కోసం టెలివిజన్‌లో వేసిన 'రుడాల్ఫ్' అనే బొమ్మల చిత్రంలో, కథ చెప్పే మంచుమనిషికి గొంతిచ్చి ఆయన పాడిన పాట అది. 1995లో ఆయన కన్నుమూశాడు. కానీ పాట పోలేదు. ప్రతి ఏడూ పండగ నెలలో కొత్త పెళ్ళికూతురిలా మళ్ళీ ముస్తాబై వస్తుంది.

అంత చల్లని గొంతు ఉన్న మనిషి బతుకంతా చల్లగానే గడిచిందనుకుంటాం. నేనూ ఆయన కథ తెలుసుకోవాలని మొదలుపెట్టింది సరదాకే. కానీ ఆ కథ మధ్యలో ఒకచోట ఆగిపోయి, చాలాసేపు ఆలోచించాల్సి వచ్చింది. ఆ చోటికి వెళ్ళేముందు మొదటినుంచీ చెప్పుకొద్దాం.

బర్ల్ ఐవ్స్ 1909 జూన్ 14న ఇల్లినాయ్ రాష్ట్రంలోని జాస్పర్ కౌంటీలో, హంట్ సిటీ దగ్గర ఒక పల్లెలో పుట్టాడు. సిటీ అన్నది పేరులోనే. వ్యవసాయం చేసుకునే కుటుంబం, ఇంటినిండా పిల్లలు. డబ్బుకు లోటేగాని పాటకు లోటు లేని ఇల్లు. వాళ్ళ అమ్మమ్మ కేట్ వైట్‌కు రానిపాట లేదు. ఇంగ్లండు నుంచీ స్కాట్లండు నుంచీ ఐర్లండు నుంచీ సముద్రం దాటి వచ్చినవాళ్ళు వెంట తెచ్చుకున్న కథాగేయాలు, నోటినుంచి నోటికి దిగుతూ ఆవిడ దాకా వచ్చాయి. మన పల్లెల్లో తిరగలి దగ్గరా రోటి దగ్గరా అమ్మమ్మలు లక్ష్మణదేవర నవ్వూ ఊర్మిళాదేవి నిద్రా పాడుకున్నారు చూడండి, అలాగే. పుస్తకం లేదు, నోటు లేదు. గుర్తే పుస్తకం.

పిల్లవాడికి నాలుగేళ్ళున్నప్పుడు, పెరట్లో తల్లితో కలిసి పాడుతూంటే మేనమామ విన్నాడట. పాత సైనికులంతా కలుసుకునే సభ ఒకటి ఊళ్ళో జరుగుతుంటే అక్కడికి తీసుకుపోయి నిలబెట్టాడు. బర్ల్ 'బార్బరా అలెన్' పాడాడు. ప్రేమించినవాడు మంచాన పడి కబురు పంపితే మొహం చాటేసిన ఒక పిల్ల కథ అది. అతను పోయాక గుండె పగిలి ఆ పిల్లా పోతుంది. నాలుగేళ్ళవాడికి ఆ విషాదం ఏం అర్థమయ్యుంటుంది? కానీ విన్న సైనికులకు అర్థమైంది. పాటంటే అదే కదా, పాడేవాడికన్నా ముందు వినేవాడికి తగులుతుంది.

చదువుకుని బడిపంతులు అవుతాడని ఇంట్లో అనుకున్నారు. 1927లో టీచర్ల కాలేజీలో చేర్పించారు. ఫుట్‌బాల్ బాగా ఆడేవాడట, మనిషి బలంగా ఉండేవాడు మరి. రెండేళ్ళు గడిచాక ఒకరోజు ఇంగ్లీషు క్లాసులో పురాతన కావ్యం మీద పాఠం జరుగుతుండగా, ఇక్కడ నా కాలం వృథా అవుతోందనిపించి లేచి బయటికి నడిచాడు. వెనకనుంచి మాస్టారు ఏదో ఎత్తిపొడుపు మాట అన్నారు. బర్ల్ తలుపును ధడేల్‌మని వేశాడు. తలుపుకున్న అద్దం పగిలింది. అరవయ్యేళ్ళ తర్వాత అదే కాలేజీవారు తమ భవనం ఒకదానికి ఆయన పేరు పెట్టుకున్నారు. అద్దం ఖరీదు వడ్డీతో సహా ముట్టిందన్నమాట!

ఆ తర్వాత బర్ల్ ఊళ్ళు పట్టిపోయాడు. అమెరికాలో అది మహామాంద్యం రోజులు. పని లేదు, తిండి లేదు. లక్షలాది మనుషులు ఊరు విడిచి రోడ్డున పడ్డారు. బాంజో భుజాన వేసుకుని, దారిన పోయే లారీ ఆపి ఎక్కి, దొరికిన చిన్నాచితకా పని చేస్తూ, పాడుతూ తిరిగాడు. యూటా రాష్ట్రంలో మోనా అనే ఊళ్ళో ఆయన్ని జైల్లో పెట్టారు. నేరం ఏమిటంటే దిమ్మతిరుగుడు, దానికితోడు 'ఫాగీ డ్యూ' అనే పాట పాడడం. ఆ పాట బూతని ఊరివారి ఉద్దేశం. పల్లెపాటల్లో మోటు సరసం ఎక్కడ లేదు చెప్పండి! మన వసంతాల పాటలూ వియ్యపురాళ్ళ పాటలూ వింటే మోనావారు మనందరినీ కటకటాల్లో పెట్టేవారే.

ఈ తిరుగుడులో ఒక లాభం జరిగింది. పోయిన ప్రతి ఊళ్ళోనూ పాటలు ఏరుకున్నాడు. అమ్మమ్మ ఇచ్చిన మూట పెరిగి పెద్దదైంది. చివరికి ఆ మూటతో న్యూయార్కు చేరాడు. 1938లో బ్రాడ్వే నాటకంలో చిన్న వేషం దొరికింది. 1940లో రేడియోలో సొంత కార్యక్రమం వచ్చింది. దాని పేరు 'ది వేఫేరింగ్ స్ట్రేంజర్', దారిన పోయే పరదేశి అని. 1948లో రాసిన ఆత్మకథకూ అదే పేరు పెట్టుకున్నాడు. కార్ల్ శాండ్‌బర్గ్ అంతటి కవి ఆయన గొంతును ఆకాశానికెత్తాడు. 1946లో 'స్మోకీ' సినిమాలో పాటలు పాడే పశువులకాపరిగా తొలిసారి తెరమీద కనిపించాడు.

న్యూయార్కులో ఆయనకు మంచి జత దొరికింది. పల్లెపాటలను పట్నానికి తెస్తున్న గాయకులు అప్పుడక్కడ కొందరుండేవారు. వుడీ గత్రీ, లెడ్‌బెల్లీ, బర్ల్ కన్న పదేళ్ళు చిన్నవాడైన పీట్ సీగర్. 1940 మార్చిలో, కాలిఫోర్నియాకు వలసపోయి అల్లాడుతున్న వ్యవసాయ కూలీల సహాయానికి ఒక పాటకచేరీ జరిగితే వీళ్ళంతా అందులో పాడారు. పాట పేదవాడి నోటినుంచి వచ్చింది కాబట్టి పేదవాడికే ఉపయోగపడాలని వాళ్ళ నమ్మకం. సంఘాల సభల్లో పాడేవారు, సమ్మెల దగ్గర పాడేవారు. ఎవరు పిలిచినా పోయేవారు.

ఇక్కడే నేను ఆగిపోయానన్న చోటు వస్తోంది.

రెండో ప్రపంచయుద్ధం ముగిశాక అమెరికాకు కమ్యూనిస్టు భయం పట్టుకుంది. ఎవరు ఏ సభకు వెళ్ళారు, ఏ చందా ఇచ్చారు అని పాత లెక్కలన్నీ తవ్వారు. 1950లో 'రెడ్ ఛానెల్స్' అని ఒక చిన్న పుస్తకం అచ్చయింది. రేడియోలో, టెలివిజన్‌లో పనిచేసే 151 మంది పేర్లు అందులో ఉన్నాయి. వీళ్ళకు ఎర్రవాళ్ళతో సంబంధం ఉందని దాని అభియోగం. అది కోర్టు తీర్పు కాదు, ప్రభుత్వ ఉత్తర్వు కాదు. అయినా పేరున్నవాడికి పని ఇవ్వడానికి యజమానులు జంకారు. ఉత్తరం రాదు, కారణం చెప్పరు, టెలిఫోను మోగడం మానేస్తుంది అంతే. ఆ జాబితాలో బర్ల్ ఐవ్స్ పేరుంది. పీట్ సీగర్ పేరూ ఉంది.

1952లో బర్ల్ ఐవ్స్ చట్టసభవారి విచారణ సంఘం ముందు హాజరై వాళ్ళడిగినదానికి సమాధానాలు చెప్పాడు. తాను కమ్యూనిస్టును కానన్నాడు. పాడడానికి పిలిస్తే వెళ్ళానన్నాడు. తనకు తెలిసినవారి ప్రస్తావనా చేశాడు. దాంతో ఆయన మీద మచ్చ తొలగింది, పని మళ్ళీ వచ్చింది. పాత స్నేహితులు మాత్రం పోయారు. తన సంపాదన కాపాడుకోవడానికి తోటివాళ్ళ పేర్లు చెప్పి నమ్మకద్రోహం చేశాడని సీగర్ నిందించాడు. బహిరంగంగానే ఎద్దేవా చేశాడు. ఒకే వేదికమీద పాడిన గొంతులు ఎడమొహం పెడమొహం అయ్యాయి.

సీగర్ ఏం చేశాడో కూడా చెప్పుకోవాలి. 1955లో విచారణ సంఘం ఆయన్నీ పిలిచింది. నా నమ్మకాలు, నా స్నేహాలు మీకు చెప్పవలసిన పనిలేదు, కావాలంటే నా పాటలు వినండి అన్న ధోరణిలో ఆయన జవాబిచ్చాడు. పేరు మాత్రం ఒక్కటీ చెప్పలేదు. 1961లో ఏడాది జైలుశిక్ష పడింది. 1962లో పై కోర్టు ఆ శిక్ష కొట్టేసింది. అయినా పెద్ద టెలివిజన్ సంస్థలవాళ్ళు 1967 దాకా ఆయన్ని దగ్గరికి రానివ్వలేదు. కాలేజీల్లో, బడుల్లో, పిల్లల శిబిరాల్లో పాడుకుంటూ సంసారం లాక్కొచ్చాడు. ఆ సంసారాన్ని నిజంగా లాక్కొచ్చింది భార్య తోషి. తామే దుంగలతో కట్టుకున్న ఇంట్లో పిల్లల్ని పెంచుతూ, భర్త కచేరీల ఏర్పాట్లన్నీ తనే చూసింది. 'వీ షల్ ఓవర్‌కమ్' పాటను లోకమంతా పాడేలా చేసినవారిలో సీగర్ ముఖ్యుడు. మనం స్కూల్లో వరుసగా నిలబడి పాడిన 'హమ్ హోంగే కామ్‌యాబ్' ఆ పాటకు హిందీ రూపమే.

ఇద్దరినీ పక్కపక్కన పెడితే తీర్పు చెప్పడం తేలికే. ఒకడు వీరుడు, ఒకడు పిరికివాడు. కానీ నా మనసు అంత చులాగ్గా ఒప్పుకోలేదు. 1952లో ఆ ఇంట్లో భార్య ఉంది, పసివాడైన పెంపుడు కొడుకున్నాడు. ఆ ఇల్లాలి చోట మనమే ఉంటే భర్తతో ఏమనేవాళ్ళం? 'మీ స్నేహితుల సంగతి మనకెందుకండీ, మనం, మన పిల్లవాడు చల్లగా ఉంటే చాలు' అని మనలో ఎంతమందిమి అనకుండా ఉండగలం? నేను అనను అని గుండెమీద చెయ్యి వేసుకుని చెప్పలేను. అయితే తోషి అలా అనలేదు కదా! ఆవిడకూ పిల్లలున్నారు కదా! ఈ రెండో ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు. అందుకే ఆగిపోయానన్నాను.

పని తిరిగొచ్చాక బర్ల్ ఐవ్స్ నటుడుగా శిఖరానికెక్కాడు. 1955లో టెనెసీ విలియమ్స్ నాటకం 'క్యాట్ ఆన్ ఎ హాట్ టిన్ రూఫ్'లో 'బిగ్ డాడీ' వేషం ఆయనకు దొరికింది. దర్శకుడు ఎలియా కజాన్. ఆయన కూడా 1952లోనే విచారణలో పాత మిత్రుల పేర్లు చెప్పి స్నేహితుల్ని పోగొట్టుకున్నవాడే. అదే ఏడు కజాన్ తీసిన 'ఈస్ట్ ఆఫ్ ఈడెన్' సినిమాలో బర్ల్ షెరీఫ్ వేషం వేశాడు.

బిగ్ డాడీ కథ మన ఇళ్ళకు కొత్తదేం కాదు. వేల ఎకరాల ఆసామి. అరవై అయిదో పుట్టినరోజు పండగ. ఆయనకు క్యాన్సరని డాక్టరుకు తెలుసు, కొడుకులకు తెలుసు, కోడళ్ళకు తెలుసు. ఆయనకూ భార్యకూ మాత్రం చెప్పరు. భయమేం లేదు, కడుపులో చిన్న బాధ అంటారు. పెద్దకొడుకూ కోడలూ పిల్లలమందను వెంటేసుకుని ఆస్తి చుట్టూ తిరుగుతూంటారు. చిన్నకొడుకు తాగుడులో మునిగి ఉంటాడు. చివరికి ఆ తాగుబోతు నోటినుంచే నిజం బయటపడుతుంది. ఇంటినిండా అబద్ధాలు కంపు కొడుతున్నాయని బిగ్ డాడీ గర్జిస్తాడు.

ఈ వేషం వేసేనాటికి బర్ల్ వయసు 45. 1958లో దాన్ని సినిమాగా తీశారు. ఎలిజబెత్ టేలర్ చిన్నకోడలు, పాల్ న్యూమన్ చిన్నకొడుకు. తెరమీద తండ్రి తెరమీద కొడుక్కన్నా నిజానికి పదిహేనేళ్ళే పెద్ద. అయినా చూస్తున్నంతసేపూ మనకా లెక్క గుర్తుకు రాదు. ఆ భారీ ఒళ్ళూ, గడ్డమూ, ఆ గొంతూ అన్నీ కలిసి ఒక పెద్ద మర్రిచెట్టును చూసినట్టుంటుంది. ఆయన నడకలో నేర్చుకున్న నటన ఎక్కడా కనబడదు. ఊరూరా తిరిగి మనుషుల ముందు నిలబడి కథలు పాడినవాడు కదా. ఏ మాట ఎక్కడ ఆపాలో, ఎక్కడ విసరాలో ఆ పాటలే నేర్పాయి.

అదే 1958లో వచ్చింది 'ది బిగ్ కంట్రీ'. విలియం వైలర్ దర్శకుడు, గ్రెగరీ పెక్ నాయకుడు. కథ నీళ్ళ తగాదా. పశువులకు నీళ్ళు తాపే ఏటి గట్టు కోసం రెండు కుటుంబాల పగ. మన పల్లెల్లో కాలవగట్టు మీద ఎన్ని తలలు పగిలాయో తెలిసినవారికి వివరం చెప్పక్కర్లేదు. ఒక పక్షం పెద్దమనిషి మేజర్ టెరిల్, తెల్లబట్టల దొర. రెండో పక్షం రూఫస్ హెనసీ, మోటుమనిషి. ఆ రూఫస్ వేషం బర్ల్ ఐవ్స్‌ది. దొరగారింట్లో విందు జరుగుతుంటే పిలవని పేరంటానికి తుపాకీతో వచ్చి, అందరి ముందూ ఆయన పెద్దరికాన్ని కడిగేస్తాడు.

చివర్లో మరో ఘట్టం ఉంది. రూఫస్ కొడుకు నాయకుడితో ద్వంద్వయుద్ధానికి దిగి, లెక్క పూర్తికాకుండానే మోసంగా కాలుస్తాడు. నాయకుడు క్షమించి వదిలేసినా మళ్ళీ దొంగదెబ్బ తియ్యబోతాడు. అప్పుడు తండ్రే కొడుకును కాల్చేస్తాడు. కాల్చి, పడిపోయిన కొడుకును ఒళ్ళోకి తీసుకుంటాడు. ఆ క్షణంలో ఆ మోటు మొహం చూడాలి. ఈ వేషానికే ఉత్తమ సహాయనటుడుగా ఆయనకు ఆస్కార్ వచ్చింది.

నాకొక ఆలోచన వచ్చింది. బతుకులో మాట నిలుపుకోలేదని నింద మోసిన మనిషికి, తెరమీద మాత్రం అబద్ధాన్ని సహించని తండ్రి వేషాలే పేరు తెచ్చాయి. ఆ గర్జన వెనక ఆయన మనసులో ఏముందో ఎవరం చెప్పగలం? అది విధి చమత్కారమేనేమో. కానీ ఒకసారి తెలిశాక ఆ సినిమాలు మళ్ళీ చూస్తే, ఆ కళ్ళల్లోకి కాస్త ఎక్కువసేపు చూస్తాం.

పేరుకూ డబ్బుకూ ఆ తర్వాత లోటు లేదు. పాటలకు గ్రామీ బహుమతి వచ్చింది, టెలివిజన్‌లో వేషాలొచ్చాయి, మంచుమనిషి వచ్చాడు. పిల్లలకు ఆయన పాటల తాతయ్య అయిపోయాడు. వాళ్ళకు 1952 గొడవ ఏం తెలుసు?

ఇక చివరి ఘట్టం. 1993లో న్యూయార్కులో ఒక సహాయార్థ కచేరీ జరిగింది. బర్ల్ ఐవ్స్‌కు అప్పటికి ఎనభై మూడేళ్ళు, చక్రాల కుర్చీలో ఉన్నాడు. పక్కన బాంజోతో పీట్ సీగర్, డెబ్భై నాలుగేళ్ళవాడు. ఇద్దరి మధ్యా పగ అంతకుముందే చల్లారిందంటారు. కానీ విచారణ జరిగిన నలభై ఒక్క ఏళ్ళకు జనం ముందు కలిసి పాడారు. పాట 'బ్లూ టెయిల్ ఫ్లై'. యజమాని మీద ఈగ వాలకుండా చూసే బానిస కథ అది. ఈగ గుర్రాన్ని కుడుతుంది, గుర్రం ఎగిరిపడుతుంది, యజమాని పోతాడు. బానిస ఏడుస్తున్నాడో నవ్వుతున్నాడో తెలియనట్టుగా పాడతాడు. బర్ల్ ఐవ్స్ జీవితమంతా పాడిన పాటల్లో ఒకటి.

సీగర్ ఎందుకు క్షమించాడో నాకు తెలియదుగాని, ఒకటి మాత్రం తోస్తుంది. ఆ పాటలు ఐవ్స్‌వీ కావు, సీగర్‌వీ కావు. ఏ అమ్మమ్మలో పాడిపెట్టిపోయినవి. పదిమంది కూడి పాడుకుంటే బతికే వస్తువు అది. సంపాదన ఒంటరిగా కాపాడుకోవచ్చు, పాటను ఒంటరిగా కాపాడుకోవడం కష్టం. ఒకడు పాడుతుంటే వంత అందుకునేవాడు కావాలి. దానికోసం ఒకరు వంగాలి, ఒకరు చెయ్యి చాపాలి. ఎవరు ముందు అన్న లెక్క ఆ రోజు వినేవారికి అవసరం లేకపోయింది. తప్పు తప్పు కాకుండా పోలేదు, సీగర్ పడ్డ కష్టం వెనక్కి రాలేదు. అయినా ఇద్దరు ముసలివాళ్ళు ఒకే పల్లవి అందుకున్నారు.

రెండేళ్ళ తర్వాత, 1995 ఏప్రిల్ 14న, వాషింగ్టన్ రాష్ట్రంలోని అనకార్టెస్ అనే ఊళ్ళో బర్ల్ ఐవ్స్ నోటి క్యాన్సరుతో కన్నుమూశాడు. అంత గొప్ప గొంతు ఉన్నవాడికి జబ్బు నోటికే వచ్చింది. చుట్ట, పైపు వదలని మనిషి. సీగర్ 2014 జనవరి దాకా, తొంభై నాలుగేళ్ళు బతికి, దాదాపు చివరిదాకా పాడుతూనే ఉన్నాడు.

ఆస్కార్లూ అంతస్తులూ చూసిన ఆ పరదేశిని తీసుకెళ్ళి జాస్పర్ కౌంటీలో, హంట్ సిటీ దగ్గరి శ్మశానంలోనే పాతిపెట్టారు. నాలుగేళ్ళ పిల్లవాడు పాత సైనికుల ముందు నిలబడి అమ్మమ్మల కాలంనాటి పాట పాడిన నేల అది.